దివిసీమ ఉప్పెన పాత ఫుటేజీ: ఎక్కడ వెతకాలి, హక్కులు ఎలా?

బ్యారేజీగట్టు (విజయవాడ):
ప్రకాశం బ్యారేజీ కట్టడం, 1977 నవంబరు 19 ఉప్పెన మీద 40 నిమిషాల డాక్యుమెంటరీ ఎడిట్‌లో ఉంది. యూట్యూబ్‌ ముక్కలు టైమ్‌లైన్‌లో పెట్టాం. ఫెస్టివల్ వాళ్లు హక్కుల కాగితాలు అడుగుతున్నారు. 'విజయవాడ' అని కొడితే విదేశీ ఆర్కైవుల్లో ఏమీ తగలడం లేదు. 1992 కృష్ణా పుష్కరాల వీహెచ్‌ఎస్ టేపులు మూడు ఉన్నాయి గానీ లోపల తెల్లగా బూజు. ఏం చేయాలండీ?

గవర్నరుపేట కట్‌రూమ్:
పేర్లు మార్చి వెతకండి. పాత కేటలాగుల్లో మన ఊరు బెజ్వాడా, బందరు మసులీపటం, కృష్ణ కిస్ట్నా. ఉప్పెనని సైక్లోన్ అనో టైడల్ వేవ్ అనో రాస్తారు. ఊరి పేరే లేకుండా ఒట్టి 'ఆంధ్ర' అని ఉన్నవీ ఉంటాయి కాబట్టి తేదీ పెట్టి, నవంబరు 19 నుంచి డిసెంబరు ఆఖరు దాకా జల్లెడ పట్టండి. విదేశీ వార్తల బొమ్మలకి ఏపీ (అసోసియేటెడ్ ప్రెస్ వార్తాసంస్థ) ఆర్కైవ్, బ్రిటిష్ పాతే (British Pathé) చూడండి. మన న్యూస్‌రీళ్లు తీసింది కేంద్ర ప్రభుత్వ ఫిల్మ్స్ డివిజన్. అది 2022లో ఎన్‌ఎఫ్‌డీసీలో (జాతీయ చలనచిత్ర అభివృద్ధి సంస్థ) కలిసింది, అర్జీ అక్కడికే. యూట్యూబ్‌లో ఎక్కించినవాడు 'వాడుకోండి' అని మెయిల్ ఇచ్చినా చెల్లదు, సొత్తు వాడిది కాదుగా.

సెకన్లలెక్క (గుంటూరు):
మన చట్టంలో ఫిల్ముకి హక్కు, విడుదలైన మరుసటి జనవరి 1 నుంచి 60 ఏళ్లు. 1957 రీలుకి 2017తో తీరిపోయింది. 1977 రీలుకి 2037 చివరి దాకా ఉంది. తీరినా రీలు ఊరికే రాదు, స్కానింగుకి కట్టాల్సిందే. వెనక సంగీతం లెక్క వేరు, బొమ్మ ఒక్కటే వాడుకుంటే తలనొప్పి ఉండదు.

లైసెన్సు రేటు చాలాచోట్ల సెకన్ల మీద. దెబ్బ తగిలేది కనీస నిడివి దగ్గర: క్లిప్పుకి కనీసం 10 సెకన్లు అన్నారనుకోండి, 4 సెకన్ల ముక్కలు ఆరు వాడితే తెర మీద 24, బిల్లులో 60. ఒకే రీల్లోంచి పొడుగు షాట్లు రెండు తీసుకోవడం నయం. ఫెస్టివల్‌కే తీసుకుని తర్వాత ఓటీటీకి పెంచాలంటే మళ్లీ బేరం. రెండు రేట్లూ ఇప్పుడే రాయించుకోండి.

బ్యారేజీగట్టు:
ఆర్కైవ్ వాళ్లు చూసుకోవడానికి ఇచ్చే, టైమ్‌కోడ్ అంకెలు పడ్డ కాపీనే (స్క్రీనర్) క్రాప్ చేసి వాడితే?

సెకన్లలెక్క:
వద్దు. అది ఎడిట్ కోసమే. టైమ్‌కోడ్ ఇన్, ఔట్ రాసి, అటూ ఇటూ 12 ఫ్రేములు కలిపి మాస్టరు (అంకెలు పడని అసలు కాపీ) అడగండి.

టేపులపెట్టె:
బూజు టేపుని వీసీఆర్‌లో పెట్టొద్దు. హెడ్‌కి అంటి, ఆ వెనక పెట్టే మంచి టేపుకీ పాకుతుంది. కృష్ణ ఒడ్డు తేమకి ఇది మామూలే. మాస్కు కట్టుకోండి. టేపుల్ని సిలికా జెల్‌తో మూత గట్టి డబ్బాలో కొన్ని రోజులు ఆరనివ్వండి. తర్వాత క్యాసెట్ పెంకు విప్పి, నూగు రాలని పొడి గుడ్డతో తుడిచి, రీళ్లని వేరే పెంకులోకి మార్చండి.

క్యాప్చర్ 720×576, 25 ఫ్రేములు, ఇంటర్‌లేస్ (ఒక్కో ఫ్రేము రెండు సగాలుగా ఉండటం) అలాగే ఉంచి. డీఇంటర్‌లేస్ టిక్ అప్పుడే కొడితే సగం కదలిక పోతుంది, మళ్లీ రాదు. 10 బిట్ అన్‌కంప్రెస్డ్‌కి (కుదించని ఫైలు) గంటకి 100 జీబీ దాకా చోటు కావాలి. తీసిన స్టూడియో దగ్గర అనుమతి సంతకం మర్చిపోకండి. టేపు చేతికిచ్చినంత మాత్రాన హక్కు ఇచ్చినట్టు కాదు.