నిద్రానగరంలో ఆ గంట ఎవరిది?

వేకువపిట్ట:
కొత్తగా చేరినవాళ్ల కోసం ముందు నాలుగు ముక్కలు. మనం కలిసి రాస్తున్న కథలో ఏడుగురు మనుషులు, ఒకరికొకరు ముఖపరిచయం లేనివాళ్లు, రాత్రిపూట ఒకే కలలో కలుసుకుంటారు. ఆ కలలోని ఊరే నిద్రానగరం. ఎవరికి మెలకువ వస్తే వాళ్లు ఊళ్లోంచి మాయమవుతారు, కట్టుకున్న ఇళ్లు మాత్రం ఉండిపోతాయి. తొమ్మిదో అధ్యాయం నుంచి అక్కడ ఏదో తేడా కొడుతోంది. తాడు లేని గంట మోగుతోంది. గాలి లేకుండానే కిటికీ తలుపులన్నీ ఒక్కసారిగా ఎడమకీ కుడికీ ఊగుతున్నాయి. గంట ఉన్న ఉత్తరవీధిని గోడ కట్టి మూసేయాలా వద్దా అన్నది పదమూడో అధ్యాయంలో తేలాలి. అసలు ఇదంతా చేస్తున్నది ఎవరు? మీ మాట చెప్పండి.

నల్లమబ్బు:
బయటి నుంచి వచ్చినదేదో. మనిషి కాదు. నాలుగు అధ్యాయాలుగా చదివేవాళ్ల గుండెల్లో మనం పెట్టిన భయం అది. ఏడుగురిలో ఒకరికి జ్వరం వచ్చిందనో, పక్కింట్లో చప్పుడనో తేల్చేస్తే ఆ భయం అంతా గాలికి పోతుంది. గోడ కట్టనివ్వండి. ఆ గోడ అవతల ఏముందో మనం ఎప్పటికీ చెప్పొద్దు.

చిత్తడి:
నాకు జ్వరమే నచ్చింది. నిద్రలో ఒంటికి తగిలేది కలలోకి వేషం మార్చుకుని వస్తుంది, అందరికీ అనుభవమే కదా. కల ఉమ్మడిది అయినప్పుడు ఒకరి ఒళ్లు కాలితే ఊరంతా వేడెక్కాలి.

మూడోజాము:
ఇద్దరితోనూ ఒప్పుకోలేకపోతున్నాను. రాత్రి కూర్చుని నాలుగు అధ్యాయాలూ కాగితం పెట్టుకుని మళ్లీ చదివాను.

ఊళ్లోని నీటిగడియారం ప్రకారం గంట మోత దాదాపు గంటన్నరకు ఒకసారి మొదలవుతోంది. మొదటిసారి కాసేపే. తెల్లవారేకొద్దీ ఆ మోత ఎక్కువసేపు సాగుతోంది. ఇది నిద్రపోతున్న ఒక్క మనిషి లయ. కళ్లు వేగంగా కదిలే నిద్ర దశను 1953లో షికాగోలో అసెరిన్‌స్కీ, క్లైట్‌మన్ ప్రకటించారు. ఆ దశ సుమారు 90 నిమిషాలకోసారి వస్తుంది, మొదట కొద్ది నిమిషాలు, తెల్లవారుజామున చాలాసేపు. మన ఏడుగురూ నిద్రపోయే వేళలు మనమే రాసుకున్నాం. గంట వేళలు వాళ్లలో ఒక్కరికీ కుదరవు. అంటే ఎనిమిదో మనిషి ఉన్నాడు.

ఇక కిటికీలు. ఆ దశలో ఒంటి కండరాలు చచ్చుబడి ఉంటాయి, కళ్లు మాత్రం కదులుతాయి. కలలో ఉన్నానని తెలిసినవాళ్లు ముందే అనుకున్న ప్రకారం కళ్లను ఎడమకీ కుడికీ తిప్పి బయటివాళ్లకు సైగ చేయగలరని 1975లో ఇంగ్లండులో కీత్ హెర్న్, తర్వాత స్టాన్‌ఫర్డ్‌లో స్టీఫెన్ లాబెర్జ్ చూపించారు. 2021లో నాలుగు దేశాల ల్యాబులు 36 మందితో చేసిన ప్రయోగం ఇంకా ముందుకెళ్లింది. నిద్రలో ఉన్న మనిషిని ఎనిమిదిలోంచి ఆరు తీసేస్తే ఎంత అని అడిగితే, కళ్లు రెండుసార్లు తిప్పి జవాబు చెప్పాడు!

ఇప్పుడు మన కథ చూడండి. తొమ్మిదో అధ్యాయంలో గంట మూడు కొట్టింది, కిటికీలు మూడుసార్లు ఊగాయి. పదిలో ఐదు, ఐదు. పదకొండులో రెండు, రెండు. మొదట చిత్తడి గారు ఏదో లయ కోసం రాసి ఉంటారు, తర్వాతి వాళ్లం అదే పట్టుకున్నాం. కానీ కథలో ఇప్పుడు అది ఉంది. గంట బయటి నుంచి వస్తున్న ప్రశ్న, కిటికీలు లోపలివాడి జవాబు. వాడెవడో బయటివాళ్లు లేపలేకపోతున్న మనిషి. గోడ కడితే వాడికి బయటి నుంచి వచ్చే ఒక్క గొంతునూ మనం నొక్కేసినట్టే. దయచేసి ఆ పని చేయొద్దు.

నల్లమబ్బు:
ల్యాబు లెక్కలు మన ఊరికెందుకు? ఇళ్లు మనుషులు లేకుండా నిలబడే చోట కండరాల సంగతి ఎత్తితే, కథ పొడుపుకథ అయిపోతుంది.

వేకువపిట్ట:
ల్యాబు వద్దంటే యోగవాసిష్ఠం చూద్దాం నల్లమబ్బు గారూ. ఒక భిక్షువు ఊహలో జీవటుడు అవుతాడు. జీవటుడు కలలో బ్రాహ్మణుడు, అతని కలలో మరొకరు, అలా సాగి సాగి హంస, ఆఖరుకు రుద్రుడు. రుద్రుడు వచ్చిన దారినే వెనక్కి వెళ్లి నిద్రలో ఉన్న ఒక్కొక్కరినీ లేపుతాడు. ఎవరినీ మాయ అని తోసేయడు. చిన్నప్పుడు విన్నప్పటి నుంచి నన్ను పట్టి ఉంచింది ఆ లేపడమే. మన ఏడుగురూ ఉత్తరవీధికి అందుకే వెళ్లాలని నా ఆశ.

చిత్తడి:
లయ కోసమే రాశాను, నిజం. ఇప్పుడు తలుచుకుంటే ఒళ్లు జలదరిస్తోంది. జ్వరం మాట వెనక్కి తీసుకుంటున్నాను.

నల్లమబ్బు:
సరే, గోడ వద్దు. నేను అనుకున్న దానికంటే ఇదే ఎక్కువ భయపెడుతోంది. కానీ మూడోజాము గారూ, పదకొండు దగ్గర ఆగిపోయారేం? పన్నెండో అధ్యాయం రాసింది నేను. అందులో గంట ఏడు కొట్టింది. కిటికీలు కదల్లేదు. ఊరు నిశ్శబ్దంగా ఉండాలని అలా రాశాను, ఇంకేమీ అనుకోలేదు. మీ లెక్కే నిజమైతే, ఆ రాత్రి వాడు ఎందుకు జవాబివ్వలేదు?