అడుగుల చప్పుడు కోసం లౌడ్‌నెస్ ఈక్వలైజేషన్ పెట్టుకోవచ్చా, లేక ఆటే చెడిపోతుందా?

రాత్రి_కాపలా
నెల రోజులుగా ఇదే గొడవ. నలుగురం కలిసి షూటర్ (తుపాకీ కాల్పుల ఆట) ఆడతాం. మ్యాచ్ మొదలయ్యేదాకా సౌండ్ బాగానే ఉంటుంది. వాయిస్ చాట్‌లోకి వెళ్లామో లేదో, తుపాకీ మోత కూడా గోడ అవతలి నుంచి వచ్చినట్టు వినిపిస్తుంది. అడుగుల చప్పుడైతే అసలే ఉండదు. వెనక నుంచి కాల్చేదాకా అక్కడ మనిషి ఉన్నాడనే తెలియదు. ఆటలో మాస్టర్ వాల్యూమ్ 100, హెడ్‌సెట్ వాల్యూమ్ కూడా ఫుల్.

మాలో ఒకడు విండోస్‌లో లౌడ్‌నెస్ ఈక్వలైజేషన్ ఆన్ చెయ్యమన్నాడు. చేశాను, అడుగులు వినిపించాయి. ఇంకొకడేమో అది ఒకరకంగా మోసమే, పైగా శత్రువు ఎటు ఉన్నాడో తెలియకుండా పోతుంది, తీసెయ్ అంటున్నాడు. ఇద్దరూ నాకంటే బాగా ఆడేవాళ్లే. ఎవరి మాట వినాలి?

తీగ_చివర
ధైర్యంగా పెట్టుకోండి. నేను మూడేళ్లుగా దాంతోనే ఆడుతున్నాను. అది చేసే పని ఇంతే: చిన్న చప్పుళ్లను పైకి లేపుతుంది, పెద్ద మోతలను కిందికి నొక్కుతుంది. ఆట ఫైళ్ల జోలికి పోదు, బయటి ప్రోగ్రామ్ ఏదీ అక్కర్లేదు. మానిటర్‌లో బ్రైట్‌నెస్ పెంచుకుని చీకటి మూలలు చూసేవాణ్ని మోసగాడు అనం కదా? ఇదీ అంతే. గ్రెనేడ్ పేలుడుకు చెవులు గింగురుమంటూ, పక్క గదిలో నడిచేవాడు మాత్రం వినబడకపోతే, ఆ రెంటి మధ్య తేడా మన చెవికి సరిపడేలా లేదన్నమాట. సరిచేసుకోవడంలో తప్పేముంది?

మూలస్వరం
మోసం అని నేనూ అనను. కానీ మంచి సలహా కాదు. దూరాన్ని చెవి కొలిచేది ముఖ్యంగా చప్పుడు పెద్దదా చిన్నదా అన్నదాన్ని బట్టే. మెట్ల కింద ఉన్నవాడూ, తలుపు పక్కనే ఉన్నవాడూ ఒకే మోతలో వినిపిస్తే, వినిపించి ఏం లాభం? ఎవడు ముందు మీదపడతాడో తెలియదు.

ఇంకో సంగతి. చాలా ఆటల్లో ఏ క్షణంలో ఏది వినిపించాలో సౌండ్ డిజైనర్లు కావాలనే నిర్ణయిస్తారు. 2008లో వచ్చిన బ్యాటిల్‌ఫీల్డ్ బ్యాడ్ కంపెనీ అనే ఆటలో, దాన్ని తయారుచేసిన డైస్ వాళ్లు హెచ్‌డీఆర్ ఆడియో అనే పద్ధతి వాడారు. పెద్ద పేలుడు జరిగినప్పుడు చిన్న చప్పుళ్లను ఆటే తీసి పక్కన పెట్టేస్తుంది. అలాంటి ఆటలో ఆ క్షణాన అడుగుల చప్పుడు మీ సౌండ్ కార్డు దాకా రానే రాదు. రానిదాన్ని ఏ సెట్టింగు పెంచుతుంది? పెరిగేది మిగిలిన గాలి హోరు, యంత్రాల రొద.

పాత_హెడ్‌ఫోన్
ఇద్దరూ కాస్త ఆగండి. ఆయన రాసింది మళ్లీ చదవండి: "వాయిస్ చాట్‌లోకి వెళ్లామో లేదో." చాట్ లేనప్పుడు బాగున్న సౌండ్ చాట్ మొదలవగానే పడిపోతోందంటే, అది సౌండ్ డిజైన్ గొడవా కాదు, ఈక్వలైజేషన్ గొడవా కాదు. జ్వరం ఎందుకొచ్చిందో చూడకుండా మాత్రల గురించి కొట్లాడుకుంటున్నాం.

రాత్రి_కాపలా గారూ, కంట్రోల్ ప్యానెల్‌లో సౌండ్ తెరవండి. చివర్లో కమ్యూనికేషన్స్ అనే ట్యాబ్ ఉంటుంది. కాల్ నడుస్తోందని విండోస్‌కు అనిపిస్తే మిగతా సౌండ్లన్నిటినీ తగ్గించే ఏర్పాటు అది. ఎవరూ మార్చకపోతే 80 శాతం తగ్గించడమే అక్కడ ఎంపికై ఉంటుంది. వాయిస్ చాట్‌ను విండోస్ కాల్ అనుకుంటే మీ ఆటకు మిగిలేది 20 శాతం. "ఏమీ చేయవద్దు" అన్నది ఎంచుకోండి. చాట్ యాప్‌లో కూడా, ఎవరైనా మాట్లాడినప్పుడు మిగతా యాప్‌ల సౌండ్ తగ్గించే స్లైడర్ ఉండొచ్చు. డిస్కార్డ్‌లో ఉంది. దాన్ని సున్నాకు తెండి.

మీది బ్లూటూత్ హెడ్‌సెట్ అయితే కథ వేరు. మామూలు బ్లూటూత్‌లో మైకు తెరుచుకోగానే హెడ్‌సెట్ ఫోన్ కాల్ పద్ధతిలోకి మారిపోతుంది. రెండు చెవులకూ ఒకే సౌండ్, అదీ ఫోన్ మాటలకు మాత్రమే సరిపోయే 8 లేదా 16 కిలోహెర్ట్జ్ నాణ్యతతో. అప్పుడు కుడి ఎడమలే ఉండవు, ఇక అడుగులెక్కడ? మైకు విడిగా పెట్టుకోవడమో, వైరు వాడటమో తప్ప ఈక్వలైజేషన్‌తో తీరేది కాదు.

ఇంకొక్కటి. హెడ్‌సెట్ సాఫ్ట్‌వేర్‌లో 7.1, విండోస్‌లో స్పేషియల్ సౌండ్, ఆటలో హెచ్‌ఆర్‌టీఎఫ్, వీటిలో ఎన్ని ఆన్‌లో ఉన్నాయో చూడండి. మూడూ చేసేది దాదాపు ఒకే పని, చప్పుడు తల చుట్టూ ఎక్కడి నుంచి వస్తోందో లెక్కగట్టడం. లెక్కగట్టినదాన్నే మళ్లీ లెక్కగడితే దిశ అలికేసినట్టు అవుతుంది. ఒక్కటే ఉంచండి. ఆటలో ఉంటే ఆటదే మేలు, శత్రువు ఎక్కడున్నాడో నేరుగా తెలిసేది దానికే.

రాత్రి_కాపలా
నాది యూఎస్‌బీ వైరు హెడ్‌సెట్. కమ్యూనికేషన్స్ ట్యాబ్ తెరిచాను, అక్షరాలా 80 శాతమే ఉంది! మార్చాక మొదటి మ్యాచ్‌లో ఉలిక్కిపడి వాల్యూమ్ సగానికి తగ్గించుకున్నాను. నెల రోజులు ఊరికే కష్టపడ్డాను. హెడ్‌సెట్ 7.1, ఆటలోని హెడ్‌ఫోన్ మోడ్ (మీరన్న హెచ్‌ఆర్‌టీఎఫ్) రెండూ ఆన్‌లో ఉన్నాయి. 7.1 తీసేశాను. పైఅంతస్తులో ఉన్నవాడు ఇప్పుడు పైనే వినిపిస్తున్నాడు. అన్నా, చాలా థ్యాంక్స్.

కానీ నా ప్రశ్న అలాగే ఉంది. ఎదురుకాల్పులు జరుగుతుంటే అడుగులు ఇప్పటికీ మునిగిపోతున్నాయి. ఈక్వలైజేషన్ ప్రస్తుతం ఆఫ్‌లో ఉంది. మళ్లీ ఆన్ చేయనా, ఇలాగే వదిలేయనా?

ఒక్కచెవి
ఇంతవరకూ చదువుతూ వచ్చాను, ఇక ఉండబట్టలేక రాస్తున్నాను. నాకు చిన్నప్పటి నుంచి ఎడమ చెవి పనిచేయదు. విండోస్‌లో మోనో ఆడియో (కుడి ఎడమల సౌండ్‌ను ఒకటిగా కలిపేది) పెట్టుకుంటేనే రెండు వైపుల చప్పుడూ అందుతుంది. దిశ నాకు ఎటూ లేదు. ఎవరో ఉన్నారని తెలియడమే నాకు పెద్ద సమాచారం. ఈక్వలైజేషన్ తీసేస్తే అదీ పోతుంది. "డిజైనర్ అనుకున్నట్టే వినాలి" అనే మాటలో ఆ డిజైనర్ మనసులో ఉన్న చెవి నాది కాదు. ఫోర్ట్‌నైట్‌లో చప్పుళ్లను తెరమీద గుర్తులుగా చూపించే ఎంపిక ఉంది. ఎటు నుంచి అడుగులో కంటితో చూడొచ్చు. అది లేని ఆటల్లో నాలాంటివాళ్లకు మిగిలింది ఈ ఒక్క టిక్కు మార్కే. దాన్ని మోసం అంటే బాధేస్తుంది.

మూలస్వరం
మీ సంగతి నేను ఆలోచించలేదు, క్షమించండి. మీరు వాడటం మీద నాకు ఏ అభ్యంతరమూ లేదు. నేను చెప్పింది రెండు చెవులూ బాగున్న పోటీ ఆటగాళ్ల గురించి.

తీగ_చివర
రెండు చెవులూ బాగున్నవాళ్ల గురించే మాట్లాడదాం. అవి బాగానే ఉండాలి కదా! అడుగుల కోసం వాల్యూమ్ పెంచుకుంటూ పోతే తుపాకీ మోత కూడా అంతే పెరుగుతుంది. పెద్దవాళ్లకు వారానికి 40 గంటలు 80 డెసిబెల్స్ దాకా పరవాలేదంటుంది ప్రపంచ ఆరోగ్య సంస్థ. ఆపైన ప్రతి 3 డెసిబెల్స్‌కూ ఆ సమయం సగమవుతుంది. 83 దగ్గర 20 గంటలు, 86 దగ్గర 10 గంటలు. 2024లో బీఎంజే పబ్లిక్ హెల్త్ అనే వైద్య పత్రికలో 50 వేల మందికి పైగా ఆటగాళ్ల మీద జరిగిన పరిశోధనలను కలిపి పరిశీలించారు. ఆడేవాళ్లు వినే సౌండ్ చాలాచోట్ల ఈ హద్దు దగ్గరో, దాటో ఉందని తేలింది. ఈక్వలైజేషన్ ఉంటే వాల్యూమ్ తగ్గించి కూడా అడుగులు వినొచ్చు. దూరం అంచనా కాస్త తప్పితే ఒక మ్యాచ్ పోతుంది. చెవి పోతే మళ్లీ రాదు.

మూలస్వరం
చెవుల మాటలో మీతో పూర్తిగా ఏకీభవిస్తాను. అందుకే ఈ పని ఆట తయారుచేసేవాళ్లే చేయాలి అంటాను. ఆటకు ఏది అడుగో, ఏది తుపాకో విడివిడిగా తెలుసు. దూరం పాడవకుండా పేలుళ్లను మాత్రమే అణచగలదు. కొన్ని ఆటల్లో నైట్ మోడ్ పేరుతో ఇస్తున్నారు కూడా. విండోస్ దగ్గరికి వచ్చేసరికి అన్నీ కలిసిపోయి ఒకే ముద్ద. ముద్దలోంచి ఉప్పు తీయలేం. ఆ ఎంపిక లేని ప్రతి ఆటకూ అది కావాలని నేను రాస్తూనే ఉన్నాను, మీరూ రాయండి.

తీగ_చివర
రాస్తాను. వాళ్లు ఇచ్చేదాకా నా టిక్కు మార్కు తీయను.

రాత్రి_కాపలా
మీ ఇద్దరి మాటలూ విన్నాక నిన్న రాత్రి ప్రాక్టీసు మోడ్‌లో మేమే పరీక్ష పెట్టుకున్నాం. నేను కళ్లు మూసుకుని నిలబడ్డాను. మావాడు దగ్గరగా, దూరంగా, అన్ని పక్కలా తిరిగాడు. ఈక్వలైజేషన్‌తో ఇరవై సార్లు, లేకుండా ఇరవై సార్లు. దిశ రెండిటిలోనూ దాదాపు ఒకేలా చెప్పాను. ఆ భయం నా హెడ్‌సెట్ వరకు నిజం కాదు. దూరంలో మాత్రం మూలస్వరం గారి మాటే నిజమైంది. ఆన్‌లో ఉన్నప్పుడు దూరంగా ఉన్నవాణ్ని దగ్గరే ఉన్నాడని పదే పదే పొరబడ్డాను.

మూలస్వరం
మాటలతో కాకుండా చెవులతో తేల్చారు, సంతోషం. ఇంకొక్క పరీక్ష చేయండి. నిశ్శబ్దంలో నడవడం వేరు, కాల్పుల మధ్య నడవడం వేరు. పెద్ద మోత వచ్చాక ఈక్వలైజేషన్ మళ్లీ తేరుకోవడానికి కొంత సమయం తీసుకుంటుంది. సరిగ్గా ఆ సందులోనే అడుగులు పోతాయి. కొన్ని సౌండ్ డ్రైవర్లలో దాని సెట్టింగ్స్ తెరిస్తే, ఆ తేరుకునే సమయాన్ని మార్చే రిలీజ్ టైమ్ అని స్లైడర్ ఉంటుంది. దాన్ని తక్కువ వైపు చివరికి జరపండి. మావాడు అన్నారే, ఆయన్ను ముందు ఒక గుండు పేల్చి, వెంటనే నడవమనండి.

రాత్రి_కాపలా
స్లైడర్ కనిపించింది. మధ్యలో ఉంది. ఈ రాత్రికి నలుగురం ఉంటాం, ముందు మధ్యలోనే ఉంచి, తర్వాత చివరికి జరిపి చూస్తాం. రెండు లెక్కలూ ఇక్కడే పెడతాను.