‘రిపేరొచ్చింది’ అంటే ఏమొచ్చినట్టు? (చర్చ)

కంప్లైంట్_రిజిస్టర్
పంపుసెట్లు, ఫ్యాన్లు, మిక్సీలు తీసుకునే కౌంటర్లో రిజిస్టర్ రాసేవాళ్ల తరఫున అడుగుతున్నాను. వచ్చినవాళ్లలో ఎక్కువమంది చెప్పేది ఒకే మాట: "రిపేరొచ్చింది". ‘సమస్య’ అనే గడిలో ‘రిపేరు’ అని రాస్తే బెంచి మీద ఉన్న మెకానిక్‌కు ఒక్క ముక్క కూడా తెలియదు. మూడు సందేహాలు.
ఒకటి, రిపేరంటే బాగుచేయడం కదా, చెడిపోవడానికి వాడటం తప్పా?
రెండు, ట్రబులిస్తోంది, పోయింది, కాలిపోయింది, షార్టయింది అనే మాటలకు నిజంగా తేడా ఉందా?
మూడు, ఫోన్లో యాప్ పనిచేయకపోతే ఏమని రాయాలి?

చెన్నపట్నం_తెలుగు
ఇది మన ఒక్కరి అలవాటు కాదండీ. తమిళంలో "వండి రిప్పేర్ ఆయిడుచ్చు" అంటే బండి చెడిపోయిందని. మలయాళంలో అదే చోట ‘కంప్లెయింట్’ అంటారు, "టీవీ కంప్లెయింట్ ఆయి" అని. దక్షిణాదిలో ఇంగ్లిషు మాటలు ఇలాగే స్థిరపడ్డాయి.

తెలుగు_పాఠం
మొదటి సందేహానికి జవాబు మన విభక్తుల్లోనే ఉంది. ఈ రెండు వాక్యాలూ పక్కపక్కన పెట్టి చూడండి.
"బండికి రిపేరొచ్చింది." ఇది "పిల్లాడికి జ్వరమొచ్చింది", "వరికి తెగులొచ్చింది" లాంటిది. రోగం పేరు ఉండాల్సిన చోట రిపేరు కూర్చుంది. ఇక్కడ అర్థం మారిన మాట నిజమే.
"బండి రిపేరుకొచ్చింది." ఇది వేరు. "పంట కోతకొచ్చింది" అంటాం. కోత అయిపోయిందని కాదు, కోయాల్సిన దశకు చేరిందని. అలాగే బండి బాగుచేయాల్సిన దశకు చేరింది. ఇక్కడ రిపేరుకు ఇంగ్లిషు అర్థమే ఉంది, ఏమీ మారలేదు.
ఈ ‘కు’ నోట్లో కరిగిపోయి రెండూ ఒకటిలా వినిపిస్తున్నాయి. ఇంకో సంగతి. ఇంగ్లిషు రాకముందే మనకు మరమ్మతు ఉంది, అరబ్బీ నుంచి హిందుస్తానీ మీదుగా వచ్చింది. దాని అర్థం కూడా బాగుచేయడమే. పత్రికల్లో "మోటారు మరమ్మతులకు గురైంది" అని చూడని రోజుంటుందా? చెడిపోయిందనే కదా దానర్థం. బాగుచేత పేరుతో చెడును పిలవడం మనకు రిపేరుతో మొదలు కాలేదు.

గోదారి_గట్టు
మాస్టారూ, కోతతో పోలిక బాగుంది కానీ ఒప్పుకోను. "మరమ్మతులకు గురైంది" తప్పు రాత. దెబ్బకు గురవుతాం, మోసానికి గురవుతాం, బాగుకు ఎవరు గురవుతారండీ? ఒక తప్పును ఇంకో తప్పుతో సమర్థిస్తారా? చెడిపోయింది, పాడైంది, ఆగిపోయింది అనే మాటలు లేవా మనకి? తెలంగాణలో ఖరాబైంది అంటారు, అదైనా సూటిగా ఉంటుంది.

తెలుగు_పాఠం
తప్పు అనే ముందు ఒకటి చెప్పండి. "మోటారు చెడిపోయింది" అంటే దాని పనైపోయినట్టు వినిపిస్తుందా లేదా? "రిపేరొచ్చింది" అంటే బాగయ్యేదే అనే ఆశ అందులోనే ఉంది. ఆ తేడా జనానికి తెలుసు కాబట్టే మాట నిలబడింది.

వైండింగ్_షాపు
భాష సంగతి మీరు చూసుకోండి. మోటారు తీగ మళ్ల చుట్టే రివైండింగ్ బెంచి మీద అన్నిటికంటె నష్టం చేసే మాట రిపేరు కాదు, ‘కాలిపోయింది’. మోటారు తిరగకుంటే చాలు, కాలింది అంటరు. కాలిన వైండింగ్ చూస్తే తెలుస్తది. వార్నిష్ మాడిన ఘాటు వాసన ఒకసారి పీల్చినోళ్లు మరువరు. వాసన లేకుంటే ముందు ఇన్సులేషన్ కొలిచే 500 వోల్టుల మెగ్గర్ పెట్టండి. కాయిల్‌కు, బాడీకి మధ్య ఒక మెగోమ్ కన్నా తక్కువ వస్తే ఇన్సులేషన్ దెబ్బతిన్నట్టు. మంచిగా వస్తే అప్పుడే మోటారును నిందించకుండ్రి, ముందు స్టార్టర్ దగ్గరికి పోండ్రి.
నిజంగ కాలినా ఎట్ల కాలిందో కాయిలే చెప్తది. మొత్తం గుండ్రంగ నల్లబడితే ఓవర్‌లోడ్. పంపు జామైనా, బేరింగ్ పట్టేసినా అట్లనే అయితది. మూడు కాయిల్ కొసలు ఒక్కదగ్గర కలిసే స్టార్ కనెక్షన్‌ల రెండు ఫేజుల (ఫేజంటే కరెంటు తెచ్చే మూడు వైర్లల ఒకటి) కాయిల్స్ నల్లబడి మూడోది కొత్తదాని లెక్క మెరుస్తుంటే ఒక ఫేజు పోయినంక మోటారు తిరిగినట్టు. కొసకు కొస కలిపి త్రికోణంగ కట్టిన డెల్టాల అయితే ఒక్క ఫేజే మాడి రెండు మంచిగుంటయి. ఒక్కచోట చిన్న మచ్చలా కరిగితే చుట్టుకు చుట్టు తగిలి షార్టు. ఈ మూడింటికి ‘కాలిపోయింది’ అని ఒకటే మాట రాసి పంపుతరు. కారణం పట్టుకోకుండ వైండింగ్ చేసిస్తే మళ్ల అదే కాయిల్ అదే జాగల మాడుతది, అప్పుడు మాట పడేది వైండర్.

స్తంభం_మీద
ఒక ఫేజు పోయినా మోటారు తిరిగింది అన్నారు కదా, అదెందుకు తిరిగిందో కూడా చెప్పాలి అన్నా. ఆగి ఉన్న మోటారు రెండు ఫేజుల మీద లేవదు, గుయ్‌మంటుంది అంతే. అప్పటికే తిరుగుతున్నదైతే ఆగదు, మిగిలిన రెండు వైర్లలో కరెంటు దాదాపు 1.7 రెట్లవుతుంది. 5 హెచ్‌పీకి సుమారు 7.5 ఆంపియర్లు ఉండాల్సింది 13 దాకా పోతుంది. స్టార్టర్‌లోని ఓవర్‌లోడ్ రిలే నేమ్ ప్లేటు మీది ఆంపియర్లకు పెట్టి ఉంటే అదే ఆపేస్తుంది. కానీ మాటిమాటికీ కొట్టేస్తోందని ఆ నాబ్‌ను చివరికి తిప్పేస్తారు. కరెంటు రాగానే మోటారును దానంతటదే నడిపే ఆటో స్టార్టర్ ఉంటే ఇంకా ఘోరం. కరెంటు వచ్చిందో లేదో, అన్నీ ఒకేసారి లేస్తాయి, ట్రాన్స్‌ఫార్మర్ ఫ్యూజు పోతుంది, మళ్లీ ఒక ఫేజు లేదు. తెలంగాణలో 2018 జనవరి 1 నుంచి సాగుకు 24 గంటల కరెంటు మొదలైనప్పుడు ఆటో స్టార్టర్లు తీసేయమని అడిగింది అందుకే.

వైండింగ్_షాపు
తప్పంత రైతు మీద తోయకు తమ్మీ. ఫేజు పోయిన సంగతి పొలంల ఎవరు చెప్తరు? రాత్రి పూట కరెంటిచ్చిన రోజుల్ల ఆటో స్టార్టర్ పెట్టక చీకట్ల పాముల మధ్య నడవాల్నా?

స్తంభం_మీద
పెట్టొద్దు అనలేదు. పెడితే సింగిల్ ఫేజింగ్ ప్రివెంటర్‌తో పెట్టమంటున్నా. ఒక ఫేజు పోయినా, ఓల్టేజీలు బాగా ఎక్కువ తక్కువైనా అది మోటారుకు కరెంటు కలిపే కాంటాక్టర్‌ను వదిలేస్తుంది. ప్రివెంటర్‌ను బైపాస్ చేసి నడిపే స్టార్టర్లు ఎన్ని ఉన్నాయో మీకు నాకంటే బాగా తెలుసు.
అసలు "కరెంటు రిపేరు" అని ఫోన్ చేసేవాళ్లకు చెప్పాల్సింది వేరే ఉంది. కరెంటు ఫిర్యాదుల నంబరు 1912కు చేసినప్పుడు ఈ తేడా చెప్పండి, పని సగం అయిపోతుంది.
ఒక ఫేజు మొత్తం చచ్చి, మిగతా రెండూ బాగుంటే ట్రాన్స్‌ఫార్మర్ దగ్గర ఎల్‌టీ (ఇళ్ల వైపు తక్కువ ఓల్టేజీ) ఫ్యూజు గానీ, లైన్లో వైర్లను కలిపే జంపర్ గానీ చూడాలి.
ఒక ఫేజు నిండుగా ఉండి రెండు ఫేజులు సగం ఓల్టేజీతో డిమ్ముగా వస్తుంటే అది పైన 11 కేవీ వైపు హెచ్‌జీ (హార్న్ గ్యాప్) ఫ్యూజు. పైన ఒక వైరు తెగితే ఒక కాయిల్‌కు పూర్తి ఓల్టేజీ, మిగతా రెంటికీ సగం సగం పంచుకుంటుంది, అందుకే అలా.
కొన్ని ఇళ్లలో బల్బులు మరీ వెలిగిపోయి, పక్కింట్లో మిణుకుమంటుంటే న్యూట్రల్ తెగింది. వెంటనే మెయిన్ ఆపేయండి. ఇది ఆలస్యం చేసే పని కాదు, టీవీలు, ఫ్రిజ్‌లు పోతాయి.
మూడూ "లో ఓల్టేజీ రిపేరు" అని ఒకే ముక్కగా చెప్తే ఏ సామాను పట్టుకుని రావాలో వచ్చేవాడికి ఎలా తెలుస్తుంది?

ముప్పై_మిల్లీ_ఆంప్స్
ఫేజుల గొడవ పక్కన పెట్టి రెండో ప్రశ్నలో షార్టు చూడండి. ఈ మాటను చెత్తబుట్ట చేశారు. ఏది తగలబడినా "షార్ట్ సర్క్యూట్ వల్ల".
షార్టంటే ఫేజు నేరుగా న్యూట్రల్‌కో ఇంకో ఫేజుకో తగలడం. సి టైపు ఎంసీబీ (కరెంటు మితిమీరితే తానే పడే స్విచ్) తన రేటింగ్‌కు 5 నుంచి 10 రెట్ల కరెంటుకు టక్కున పడిపోతుంది. కాబట్టి ఎంసీబీ ఆన్ చేయగానే పడితే షార్టు. పది నిమిషాలు నడిచాక పడితే ఓవర్‌లోడ్. గీజరు బాడీ పట్టుకుంటే జిల్లుమంటే అది ఎర్త్ లీకేజీ, అది షార్టు కాదు, మామూలు ఎంసీబీ దానికి పడదు. లీకైన కరెంటును పట్టే 30 మిల్లీ ఆంపియర్ల ఆర్‌సీసీబీ ఉంటేనే పడుతుంది.
ఇక నాలుగోది అసలు దొంగ: లూజు కనెక్షన్. సాకెట్‌లో స్క్రూ వదులైతే కరెంటు మామూలుగానే ఉంటుంది, ఏ ఎంసీబీకీ తెలియదు, కానీ ఆ ఒక్క చోట నిరోధం పెరిగి వేడెక్కుతుంది. ప్లగ్గు పీకితే పిన్ను చేతికి కాలుతుంది, ప్లాస్టిక్ గోధుమ రంగుకు తిరుగుతుంది, దగ్గరగా వింటే చిటపట. చివరికి ఇన్సులేషన్ కరిగి వైర్లు తగులుకుంటాయి, అప్పుడు షార్టు. షార్టు అక్కడ ఫలితం, కారణం కాదు. ఏసీ 16 ఆంపియర్ల సాకెట్లో స్క్రూ ఏడాదికోసారి మెయిన్ ఆపి బిగిస్తే పోయేదానికి ఊరంతా షార్టును తిడుతుంది.

గోదారి_గట్టు
ఈ పోస్టు బాగుందండి. మిక్సీకి కూడా ఒక మాట. కింద ఎర్ర బటన్ ఉంటుంది, లోడెక్కువైతే అది బయటికి పొడుచుకొస్తుంది. పది నిమిషాలు చల్లారనిచ్చి లోపలికి నొక్కితే మళ్లీ తిరుగుతుంది. అది తెలియక "మోటారు కాలిపోయింది" అని షాపుకి మోసుకెళ్తారు.

కోడ్_రాసేవాడు
మూడో ప్రశ్నను అందరూ వదిలేశారు. సాఫ్ట్‌వేర్లో రిపేరొచ్చింది అనరు, బగ్ అంటారు. 1947లో హార్వర్డ్‌లో కంప్యూటర్ రిలేలో ఒక పురుగు దొరికింది, అక్కడే ఆ మాట పుట్టింది. అందుకే బగ్ అంటే పురుగు.

తెలుగు_పాఠం
పురుగు దొరికింది నిజం. 1947 సెప్టెంబరు 9న మార్క్ 2 యంత్రంలో చిమ్మట దొరికితే లాగ్ పుస్తకంలో అతికించారు. మాట మాత్రం అక్కడ పుట్టలేదు. ‘నిజంగా పురుగే దొరికిన మొదటి కేసు’ అని వాళ్లు రాశారంటేనే మాట అప్పటికే వాడుకలో ఉందని అర్థం. యంత్రంలో లోపానికి ఎడిసన్ 1878 ఉత్తరంలోనే బగ్ అని రాశాడు.

కోడ్_రాసేవాడు
సరే, అక్కడ పుట్టిందన్న మాట వెనక్కి తీసుకుంటున్నా. కానీ కౌంటరు వాళ్లకు పనికొచ్చేది ఇది. యాప్ తెర కదలకుండా నిలిచిపోతే ‘హ్యాంగ్’. దానంతటదే మూసుకుపోతే ‘క్రాష్’. గుండ్రం తిరుగుతూ ఉండి, వేరే ఫోన్లో, వేరే నెట్‌తో కూడా అలాగే ఉంటే అప్పుడు ‘సర్వర్ డౌన్’. ఒక్క ఫోన్లో ఆగినదానికి సర్వర్ డౌన్ అని జనాన్ని తిప్పి పంపడం అన్యాయం. ముందు మొబైల్ డేటాకూ వైఫైకీ మార్చి చూడాలి, తర్వాత ఫోన్లో తేదీ, సమయం చూడాలి. తేదీ తప్పైతే సర్టిఫికెట్ చెల్లదని యాప్ తెరుచుకోదు.

పోలింగ్_డ్యూటీ
వీటన్నిటికంటే అన్యాయం జరిగిన మాట ‘మొరాయించింది’. ఎద్దు కాడి కింద కాలు కదపకుండా నిలబడితే మొరాయించింది అంటాం. ఇప్పుడు ప్రతి ఎన్నికకూ "ఈవీఎంలు మొరాయించాయి". ఏది మొరాయించింది? పోలింగ్ మధ్యలో కంట్రోల్ యూనిట్‌కో బ్యాలెట్ యూనిట్‌కో లోపమొస్తే ఓటు చీటీ చూపే వీవీప్యాట్‌తో సహా మొత్తం సెట్టు మార్చాలి. వీవీప్యాట్ ఒక్కటే ఆగితే అదొక్కటే మారుస్తారు. కేబుల్ సరిగా కూర్చోక లింక్ ఎర్రర్ వస్తే మార్చాల్సిందేమీ లేదు, స్విచ్ ఆపి కేబుల్ మళ్లీ పెట్టాలి. మూడింటికీ ఒకటే మాట రాస్తే చదివేవాళ్లకు ఓట్ల మీదే అనుమానం వస్తుంది.

గోదారి_గట్టు
మొరాయించింది మంచి తెలుగు మాట, దాన్ని మాత్రం వదలమనకండి.

పోలింగ్_డ్యూటీ
వదలమనలేదు. ఏ యూనిట్టో దాని పక్కన రాయమంటున్నా.

కంప్లైంట్_రిజిస్టర్
ఫేజులు, పురుగులు, ఎద్దులు అన్నీ వచ్చాయి, ట్రబుల్‌కూ పోయిందికీ తేడా ఎవరూ చెప్పలేదు.

వైండింగ్_షాపు
ట్రబులిస్తోంది అంటే ఒకసారి నడుస్తది, ఒకసారి నడవది. లూజు కనెక్షన్, కాంటాక్టు మచ్చలు, వేడెక్కితే వచ్చే లోపం. రిపేరొచ్చింది అంటే ఆగింది, కారణం తెల్వదు. పోయింది అంటే ఒక పార్టు పేరు ముందు రావాలె, కండెన్సర్ పోయింది, బేరింగ్ పోయింది అని. సీలింగ్ ఫ్యాను కర్రతో నెడితే తిరిగి, లేకుంటే గుయ్‌మంటే రిపేరు అని రాయకు. ‘కండెన్సర్ పోయి ఉండొచ్చు, 2.5 మైక్రోఫారడ్’ అని రాయి. కాలిపోయింది అని వాసన చూసినంకనే రాయాలె.

కంప్లైంట్_రిజిస్టర్
అయితే ఇలా రాస్తే సరిపోతుందా?
"5 హెచ్‌పీ, త్రీఫేజ్, బోరు మోటారు. స్టార్టర్ ఆన్ అవుతోంది, మోటారు గుయ్‌మంటోంది, నీళ్లు లేవు. ఐదారు సెకన్లకు రిలే కొట్టేస్తోంది. స్టార్టర్‌కు వచ్చే మూడు ఫేజులూ ఉన్నాయి. మోటారుకు పోయే వైర్లలో కరెంటు కొలిచే టాంగ్ టెస్టర్ పెడితే రెండింట్లో 30 ఆంపియర్లు దాటింది, మూడోదాంట్లో సున్నా. వాసన లేదు."

వైండింగ్_షాపు
ఇట్ల రాస్తే రిపేరు అనే మాటే అక్కర్లేదు. మోటారు పైకి తీయించకు. మెయిన్ ఆపి మోటారుకు పోయే మూడు వైర్లు విప్పు. స్టార్టర్ ఒక్కటే ఆన్ చేసి అవుట్‌గోయింగ్‌ల రెండేసి ఫేజుల మధ్య చూడు. 415 ఓల్టులు మూడు జాగలల్ల రాకుంటే కాంటాక్టర్ పాయింట్ అరిగింది. వస్తే మళ్ల ఆపి, విప్పిన మూడు వైర్ల మధ్య ఓమ్స్ చూడు. ఒక వైరు మిగతా రెండిటితోని అసలు కలవకుంటే బోరులోపల కేబుల్ జాయింటో, కాయిలో తెగినట్టు. అప్పుడు పైపులు తీయించు.

స్తంభం_మీద
ఆ లైన్ కింద రిలే ఎంతకు పెట్టి ఉందో కూడా రాయండి.