ప్రేమికుల పాట్లను చూసి నవ్వడం ప్రేమను చులకన చేయడమేనా?

అచ్చంపేట పాఠకుడు:
మన సాహిత్యంలో ప్రేమికుల పాట్లు ఎక్కడ వచ్చినా నవ్వు చివరికి ఆడవారి మీదికే మళ్లుతుందని నా అభియోగం. మా వైపు బాగోతాల్లో మగవాడు సత్యభామ వేషం కట్టి, జడ ముందుకు వేసుకొని అలిగితే, జనం ఈలలు వేసేది ఆమె బెట్టుకే గానీ బాధకు కాదు. నంది తిమ్మన కావ్యం పారిజాతాపహరణంలో ఆమె కృష్ణుణ్ణి తన్నిన ఘట్టాన్ని కూడా ఇప్పటికీ గయ్యాళి పెళ్లాం ముచ్చటగానే చెప్పుకుంటున్నాం. కాదనేవారు ఆధారం చూపాలి.

నల్లగొండ తెలుగు మాస్టారు:
ప్రదర్శనల సంగతి కాదనను గానీ, కావ్యం మీద ఆ నింద నిలవదు. నారదుడు తెచ్చిన పారిజాతాన్ని రుక్మిణికిచ్చి, ఆ తరువాత సత్య కాళ్ల మీద పడినవాడు కృష్ణుడు. బ్రహ్మేంద్రాదులు పూజించే ఆ తలను ఆమె ఎడమ కాలితో తోసిందని చెప్పిన నంది తిమ్మన, ఆ పద్యంలోనే, నాథులు నేరాలు చేస్తే అలిగిన ఆడవారికి ఉచితానుచితాలు తోస్తాయా అని ఆమె పక్షమే వహించాడు. తన్ను తిన్న కృష్ణుడు కోపగించుకోకపోగా, పులకరించి ముళ్లలా నిక్కిన తన మేని రోమాలు గుచ్చుకొని ఆమె చిగురుటాకు పాదం నొచ్చుకుంటుందేమోనని కంగారుపడతాడు. జగన్నాథుడంతటివాడు పెళ్లాం ముందు ఇట్లా దిగజారి బతిమాలుకోవడమే ఇక్కడి హాస్యం. పిల్లలు ఈ పద్యానికి నవ్వకపోతే నేను పాఠం సరిగా చెప్పనట్టే లెక్క.

పాలమూరు పాఠకురాలు:
మాస్టారు గారూ, దేవుడి విషయంలో సరే. 1892లో తొలిసారి ప్రదర్శించిన గురజాడ నాటకం కన్యాశుల్కంలోని గిరీశాన్ని ఏమంటారు? వేశ్య మధురవాణి ఇంట్లో పూటకూళ్లమ్మకు భయపడి, రామప్పంతులు అప్పటికే నక్కిన మంచం కిందికే దూరినప్పుడు మనం నవ్వేది అతని పిరికితనాన్ని చూసి. ఆ తరువాత బాలవితంతువు బుచ్చమ్మను వలలో వేసుకోవడానికి వితంతు వివాహం గురించి ఉపన్యాసాలు దంచినప్పుడు మాత్రం, నాకు తెలిసిన మగవాళ్లందరూ అతని తెలివికి మురిసిపోతారు. బుచ్చమ్మ కష్టం ఎవరికీ గుర్తుండదు. అచ్చంపేట వారి అభియోగానికి సత్యభామ కన్నా ఈవిడే గట్టి సాక్ష్యం.

నల్లగొండ తెలుగు మాస్టారు:
మురిసిపోయేవారికి గురజాడ చివర్లో జవాబు పెట్టాడు గదమ్మా. బుచ్చమ్మ చేజారినప్పుడు గిరీశం నోట వచ్చేది ఏడుపు కాదు, కథ అడ్డం తిరిగిందన్న విసుగు మాత్రమే. అతనిలో ప్రేమ ఏపాటిదో ఆ ఒక్క మాటతోనే తేలిపోతుంది.

అచ్చంపేట పాఠకుడు:
ఆ మాటనే మనవాళ్లు సరదాకు వాడుకుంటున్నారు, మాస్టారూ. రచయిత ఎవరిని దెప్పాడన్నది మీ వాదం, చదువరి ఎవరిని చూసి నవ్వుతున్నాడన్నది నాది. కావ్యంలో పద్యం ఎంత నిక్కచ్చిగా ఉన్నా, బాగోతం ముందు కూర్చున్నవాడు సత్యభామ పక్షం వహించే దాకా నా అభియోగాన్ని వెనక్కి తీసుకోను.

పాలమూరు పాఠకురాలు:
అట్లయితే తప్పు పద్యానిది కాదు, ఈలలు వేసేవారిది. ఆ అభియోగం నంది తిమ్మన మీద ఎందుకు పెట్టారన్నా?