అటక మీద దొరికిన 16 ఎం.ఎం. రీళ్లను ఏం చేయాలి?

ప్రశ్న (కర్నూలు): అందరికీ నమస్కారం. మా జేజినాయన ఫోటో స్టూడియో నడిపేవారు. ఆయన సామాను సర్దుతుంటే అటక మీద పదకొండు రేకు డబ్బాలు దొరికాయి. ఒక మూత మీద పెన్సిలుతో ‘1953 అక్టోబరు, సభ’ అని ఉంది. కర్నూలు రాజధానిగా ఆంధ్ర రాష్ట్రం ఏర్పడిన నాటి సభే అయి ఉంటుందని ఇంట్లో అందరి ఆశ. మూత తీయగానే సిర్కా వాసన గుప్పుమంది. ఒక డాక్యుమెంటరీ బృందం ఆ దృశ్యాలు కావాలంటోంది. ప్రొజెక్టరు తెచ్చి గోడ మీద వేసి, సెల్‌ఫోన్‌తో తీసి పంపవచ్చునా?

జవాబు (అనంతపురం): దయచేసి ప్రొజెక్టరు ఎక్కించకండి. ఆ వాసన ఫిలిం అడుగున ఉండే అసిటేట్ అనే ప్లాస్టిక్ విరిగిపోతూ వదులుతున్న ఆమ్లానిది. అలాంటి ఫిలిం కుంచించుకుపోతుంది కనుక అంచు రంధ్రాలు ప్రొజెక్టరు చక్రాల పళ్లకు అందక చిరుగుతాయి. వాసన వచ్చే డబ్బాలను మిగతావాటి నుంచి వేరు చేయండి, ఎందుకంటే ఆ ఆవిరి పక్క రీళ్లనూ పాడు చేస్తుంది. మన ఎండలకు అటకంత చెడ్డ చోటు ఇంకొకటి ఉండదు. కింది గదిలో, చెమ్మ తగలని చోట పెట్టండి. తుప్పు పట్టిన రేకు డబ్బాలను మార్చి, గాలి ఆడే ప్లాస్టిక్ డబ్బాలు వాడండి.

మూత మీది రాతను మాత్రం వెంటనే నమ్మకండి. ఫిలిం కొడాక్‌దైతే అంచున వృత్తం, చదరం, త్రికోణం వంటి గుర్తులు ఉంటాయి. అవి తయారైన ఏడాదిని చెబుతాయి. అవే గుర్తులు 20 ఏళ్లకోసారి తిరిగి వస్తాయి కాబట్టి తొందరపడకూడదు, కానీ ఫిలిం 1953 తరువాత తయారైందని తేలితే అది ఆ సభలో తీసిన అసలు ఫిలిం కాదు.

జవాబు (కడప): పై మాటకు నేనే సాక్షిని. థియేటరులో ఆపరేటరుగా ఉన్న రోజుల్లో, ఒక పెళ్లి రీలును మొహమాటానికి ఎక్కించి మూడడుగులు పీలికలు చేశాను. ఆ ఇంటివాళ్లు నన్ను ఏమీ అనలేదు, అదే ఎక్కువ బాధ.

జవాబు (కర్నూలు): డాక్యుమెంటరీ వాళ్లకు దృశ్యాలు ఇచ్చే సంగతి చెబుతాను. ముందు రీలును శుభ్రం చేయించి, పళ్ల చక్రాలు లేని స్కానరు ఉన్నచోట స్కాన్ చేయించండి. 16 ఎం.ఎం.లో అడుగుకు 40 ఫ్రేములు, అంటే 100 అడుగుల రీలు సెకనుకు 24 ఫ్రేముల లెక్కన మూడు నిమిషాల లోపే. అడిగినవారికి టైమ్‌కోడ్ (తెర మీద కనిపించే నిమిషాలు, సెకన్ల అంకెలు) వేసిన చిన్న కాపీ మాత్రమే చూపించండి. వాళ్లు ఎంచుకున్న ముక్కలకు ఎన్ని సెకన్లు, ఏ కార్యక్రమానికి, ఎన్నేళ్లకు అని రాసుకున్న తరువాతే మంచి కాపీ ఇవ్వాలి. ఎవరైనా డబ్బిచ్చి తీయించి ఉంటే హక్కు వారిదే కావచ్చు, కనుక ఆ సంగతీ, మీ ఇంట్లో వారసులందరి సమ్మతీ ముందే తేల్చుకోండి.

నా దృష్టిలో అన్నిటికన్నా ముఖ్యం, షాట్ షాట్‌కూ వివరం రాయడం. కొండారెడ్డి బురుజు కనిపిస్తే ఎవరైనా గుర్తుపడతారు, కానీ వేదిక పక్కన నిలబడ్డవారి పేర్లు చెప్పగలిగే పెద్దలు ఇంకెంతకాలం ఉంటారు? పేరూ ఊరూ లేని దృశ్యాన్ని ఎవరూ వెదికి పట్టుకోలేరు. అసలు రీళ్లను పూణేలోని జాతీయ చలనచిత్ర భాండాగారానికి అప్పగించే ఆలోచన ఉంటే, 1964లో మొదలైన ఆ సంస్థ 2022 నుంచి ఎన్‌ఎఫ్‌డీసీలో (జాతీయ చలనచిత్రాభివృద్ధి సంస్థ) భాగమైంది, అక్కడికే రాయండి.

ప్రశ్నించినవారు: మీకందరికీ కృతజ్ఞతలు. డబ్బాలను దించేశాను. రీలును విప్పకుండా, బయటికి వేలాడుతున్న కొసను మాత్రమే భూతద్దంతో చూస్తే అంచున ‘సేఫ్టీ’ (తేలికగా అంటుకోని ఫిలిం అని గుర్తు) అన్న మాట, దాని పక్కన రెండు గుర్తులు కనిపించాయి. రెండోది చదరమో త్రికోణమో తుప్పు మరకలో తెలియడం లేదు. రేపు పగటి వెలుతురులో ఫోటో తీసి ఇక్కడే పెడతాను.