కథ, కెమెరా, ఎడిటింగ్, సంగీతం: అన్నీ ఒక్కడే చేయాలా?

చంద్రగిరి వాసి:
మన తిరుపతి కుర్రాడొకడు తీసిన గంటన్నర సినిమా మొన్న చూశాను. టైటిల్స్‌లో కథ, మాటలు, కెమెరా, ఎడిటింగ్, సంగీతం, దర్శకత్వం అన్నిటికీ ఒకటే పేరు. హాల్లో కొందరు నవ్వారు. నాకైతే తప్పనిపించలేదు. ఇది ప్రతిభా, పేరు పిచ్చా?

లీలామహల్ సర్కిల్:
పిచ్చీ కాదు, ఏమీ కాదన్నా. డబ్బుల్లేక! కెమెరామన్‌ను పెట్టుకుంటే అతని బేటా (రోజు భత్యం), లెన్సుల అద్దె, అసిస్టెంటు, అందరికీ లాడ్జి. బ్రహ్మోత్సవాలప్పుడు మన ఊళ్లో రూము దొరుకుతుందా? ఒక్కడే అయితే వెలుగు బాగున్న సాయంత్రం బండేసుకుని కోట దాకా పోయి తీసుకుంటాడు. 1946లో ‘త్యాగయ్య’కి చిత్తూరు నాగయ్య గారే నిర్మాత, దర్శకుడు, సంగీత దర్శకుడు, హీరో. పాటలూ ఆయనే పాడారు. ఆయన్నీ పేరు పిచ్చోడంటామా?

కత్తెర:
నాగయ్య గారి మాట తెచ్చావు కాబట్టి చెప్తా. ఆ సినిమాకి మాటలు సముద్రాల రాఘవాచార్య రాశారు. పాట, నటన నాగయ్య గారికి రామవిలాస సభ నాటకాల నుంచీ చేతిలో ఉన్న విద్యలు. సత్యజిత్ రాయ్‌నే తీసుకో. 1961లో ‘తీన్ కన్య’ నుంచి తన సినిమాలకు సంగీతం తనే కట్టుకున్నాడు, పోస్టర్లు గీశాడు, కెమెరా కూడా పట్టాడు. ఎడిటింగ్‌కి మాత్రం ‘పథేర్ పాంచాలి’ నుంచీ దులాల్ దత్తానే.

మన తిరుపతి కుర్రాడి సినిమా నేనూ చూశా. రేణిగుంట దగ్గర గూడ్సు పోయే షాట్ ఉంది కదా, పెట్టెలన్నీ అయిపోయేదాకా కట్ పడదు. దానికోసం వానలో ఎంతసేపు నిలబడ్డాడో అతనికి తెలుసు, చూసేవాడికి గూడ్సే కనపడుతుంది. పక్కన ఇంకొకడుంటే "నాలుగు పెట్టెలు చాల్లే అబ్బయా" అని కోసేసేవాడు. తల్లి ఏడ్చే సీన్ ఇంకా బాధ. ఆమె బ్రహ్మాండంగా చేసింది, వెనక పక్కింటి మిక్సీ రొద. కెమెరాలో కన్ను పెట్టినోడికి అది వినపడలేదు. హెడ్‌ఫోన్ పెట్టుకుని కూర్చునే మనిషి ఒకరుండాల్సింది. డబ్బింగ్‌లో ఆమె మళ్లీ ఆ ఏడుపు ఏడవగలదా?

లీలామహల్ సర్కిల్:
ఆ మనిషికి డబ్బులు నువ్విస్తావా సామీ?

కత్తెర:
హెడ్‌ఫోన్ పెట్టుకోడానికి స్నేహితుడు చాలు. ఎడిటింగ్ కూడా తనే చేసుకోనీ, కానీ ఫైనల్ చేసేముందు మొహమాటం లేనివాళ్లు ముగ్గురికి చూపించమను. పైసా ఖర్చులేదు.

పీలేరు అమ్మాయి:
అసలు ‘ఒక్కడే’ అన్న మాట ఎట్లా ఒప్పుకున్నారబ్బా? లైటు పట్టిందెవరు? షూటింగ్‌కి వంటగది ఇచ్చి, అందరికీ టీ పెట్టిన పెద్దమ్మెవరు? చివర్లో ‘కృతజ్ఞతలు’ అని పేర్లు చదివేలోపే తెర నల్లబడింది. తన పేరు ఆరుసార్లు వేసుకోనీ, నాకేం అభ్యంతరం లేదు. ఆ పేర్లు మాత్రం చదవడానికి వీలుగా వెయ్యమనండి.

చంద్రగిరి వాసి:
ఇది న్యాయంగా ఉందమ్మా. అతని నంబర్ ఉంది, నీ మాట అట్లే పంపిస్తా. మిక్సీ సంగతి కూడా చెప్తా కానీ, గూడ్సు షాట్ జోలికి నేను పోను. నాకది నచ్చింది.