మేడ మీద సోలార్, కింద వంటిల్లు: వేడినీళ్లకు సర్క్యులేషన్ పంపు పెట్టించాలా?

సెమిలిగుడ డాబా:
మేడ మీద 200 లీటర్ల సోలార్ హీటరు ఉంది. అక్కణ్ణుంచి కింద వంటింటి సింకు దాకా ముప్పావు అంగుళం సీపీవీసీ (వేడినీళ్లకు వాడే ప్లాస్టిక్) పైపు, గోడల్లో తిరిగి తిరిగి 22 మీటర్లు. పొద్దున్న వేడినీళ్లు వచ్చేలోపు ఎంత పోతోందో నిన్న బకెట్ పెట్టి కొలిచాను. 9 లీటర్లు, రెండు నిమిషాలు. మా ఆవిడ అంతసేపు ఆగదు. చన్నీళ్లతోనే గిన్నెలు తోమేసి, తర్వాత వేళ్లు చంకలో పెట్టుకుని కూర్చుంటుంది. కోరాపుట్ జిల్లా డిసెంబరు ఎలా ఉంటుందో మీకు చెప్పక్కర్లేదు. విశాఖలో ఉన్న బావమరిది సర్క్యులేషన్ పంపు పెట్టించమంటున్నాడు. పైపులో వేడినీళ్లు తిరుగుతూనే ఉంటాయి, కొళాయి తిప్పగానే వస్తాయి అంటాడు. మా నాన్నగారేమో "ఇంట్లో బకెట్ లేదా?" అంటున్నారు. మీరేమంటారు?

రాయగడ మావయ్య:
నేను నాన్నగారి పక్షం. ఆ 9 లీటర్లూ పట్టి మొక్కలకు పోసుకోండి. పంపు పెడితే దానికో వైరు, దానికో రిపేరు. అది పాడైతే చూసేవాడి కోసం ఘాట్ దిగి సాలూరో విజయనగరమో పోవాలి.

గిన్నెలు తోమే మనిషి:
మావయ్య గారూ, కోపం తెచ్చుకోకండి గానీ, మీరు సింకు దగ్గర ఎప్పుడైనా నిలబడ్డారా? సింకులో బకెట్ పట్టదు. మగ్గుతో పట్టి, పక్కన బకెట్లో పోసి, మళ్లీ పట్టాలి. అదీ రోజుకు నాలుగుసార్లు.

సునాబేడ రిటైర్డ్:
ఇద్దరూ ఆగండి, లెక్క చూద్దాం. ముప్పావు అంగుళం సీపీవీసీలో మీటరుకు పావు లీటరు నీళ్లు పడతాయి. 22 మీటర్లకు అయిదున్నర లీటర్లు. మిగతా మూడున్నర లీటర్లూ చల్లబడ్డ పైపుకు వేడెక్కడానికే పోతున్నాయి. ఇప్పుడు మీ బావమరిది చెప్పినట్టు రాత్రంతా తిప్పారనుకోండి. పోయే పైపు, తిరిగొచ్చే పైపు కలిపి 44 మీటర్లు. తొడుగు లేని పైపు మీటరుకు 15 వాట్ల వేడి వదులుతుందనుకుందాం. మొత్తం 660 వాట్లు, పది గంటలకు 6.6 యూనిట్లు. ఒక యూనిట్ అంటే 860 కిలోకాలరీలు, అంటే 860 లీటర్ల నీళ్లను ఒక డిగ్రీ వేడి చేసేంత. 200 లీటర్ల నీళ్లు దాదాపు 28 డిగ్రీలు పడిపోతాయి. చల్లబడే కొద్దీ నష్టం తగ్గుతుంది కాబట్టి ఇంతకంటే కొంత తక్కువే పోతుందనుకోండి. అయినా సాయంత్రం 60 డిగ్రీలున్న ట్యాంకు పొద్దున్నకి గోరువెచ్చనే. సోలార్ ఉచితమే, కానీ రాత్రి సూర్యుడు ఉండడు కదా!

సెమిలిగుడ డాబా:
అమ్మో. అయితే వద్దంటారా?

సునాబేడ రిటైర్డ్:
24 గంటలూ తిప్పడం వద్దంటున్నాను. బటను నొక్కితే తిరిగి, నీళ్లు వెచ్చబడగానే సెన్సర్‌తో ఆగిపోయేదైతే సరే. 40 వాట్ల పంపు రెండేసి నిమిషాలు రోజుకు నాలుగుసార్లు తిరిగితే నెలకు యూనిట్‌లో ఆరో వంతు కూడా కాలదు. కాకపోతే బటను మిగిల్చేది నీళ్లనే. వాడాక పైపులో ఉండిపోయిన వేడి ఎలాగూ గోడకే పోతుంది.

జయపురం ప్లంబరు:
పని చేసేవాణ్ణి కాబట్టి చెప్తున్నా. ఒకటి, షాపులో ప్రెషర్ పంపు అంటగడతారు, అది నీళ్ల ఒత్తిడి పెంచేది, వేరు. ఇంకోటి, పోత ఇనుము బాడీ తీసుకోకండి, లోపల తుప్పు పట్టి ఎర్రనీళ్లు వస్తాయి. ఇత్తడో కంచో స్టెయిన్‌లెస్సో ఉండాలి. రిటర్న్ లైనులో, అంటే నీళ్లు ట్యాంకుకు తిరిగెళ్లే పైపులో, ఎన్‌ఆర్‌వీ (నీళ్లను ఒకవైపే పోనిచ్చే వాల్వు) పెట్టకపోతే మాత్రం అంతా వృథా. కొళాయి తిప్పినప్పుడు ట్యాంకు అడుగు నుంచి చన్నీళ్లు ఆ లైనులోంచే వచ్చేస్తాయి. ఒక ఇంట్లో ఇదే మర్చిపోయారు. పంపు మారుద్దామని నన్ను పిలిస్తే, వాల్వు పెట్టి వచ్చాను. అసలు మీకు రిటర్న్ లైను ఉందా?

సెమిలిగుడ డాబా:
లేదండీ. టైల్స్ కూడా వేయించేశాం.

జయపురం ప్లంబరు:
అయితే గోడ కొట్టి మళ్లీ టైల్స్ వేయించే ఖర్చు పంపు ధరను దాటిపోతుంది. సింకు కిందే పంపు పెట్టి, పైపులో నిలిచిన నీళ్లను చన్నీళ్ల లైనులోకి తోసే పద్ధతి ఉంది. కానీ కాసేపు చన్నీళ్ల కొళాయిలోనూ వెచ్చటి నీళ్లు వస్తాయి. మీ వాటర్ ఫిల్టరు ఆ లైనుకే ఉందా?

సెమిలిగుడ డాబా:
ఆ లైనుకే ఉంది.

జయపురం ప్లంబరు:
అయితే జాగ్రత్త. ఫిల్టరులోని ఆర్‌ఓ మెంబ్రేనుకు (నీళ్లను వడకట్టే పొరకు) వేడినీళ్లు పడవు. 35 డిగ్రీల దగ్గరే పంపు ఆగేలా సెట్ చేయాలి, లేదా ఫిల్టరుకు వేరే లైను తీయాలి.

రాయగడ మావయ్య:
చూశారా, ఒక పంపు కోసం ఎన్ని తిప్పలో! సింకు కింద 3 లీటర్ల గీజరు పెట్టుకుంటే ఈ గొడవే ఉండదు.

సునాబేడ రిటైర్డ్:
అది 3 కిలోవాట్లది, 13 ఆంపియర్లు లాగుతుంది. 16 ఆంపియర్ల సాకెట్, దానికి తగ్గ వైరు ఉంటే మంచి మాటే. నిజం చెప్పాలంటే వీళ్ల ఇంటికి నాకూ అదే నచ్చుతోంది. ఏది పెట్టినా ముందు డాబా మీద కనిపించే పైపుకు నల్ల రబ్బరు తొడుగు వేయించండి. అసలు వేడి పోయేది అక్కడే, మంచు కురిసే చోట.

సెమిలిగుడ డాబా:
సింకు కింద ఉన్న సాకెట్ 6 ఆంపియర్లదే. మీటరు దగ్గర్నుంచి కొత్త వైరు లాగాలంటున్నాడు ఎలక్ట్రీషియన్. తొడుగు ఈ ఆదివారమే వేయిస్తా. పంపు వైపే మొగ్గుతున్నాను, బటనుదే.

గిన్నెలు తోమే మనిషి:
బటను సింకు పక్కన పెట్టకండి తమ్ముడూ, తడి చేతులు. పొయ్యి దగ్గర పెట్టండి. పాలు పెట్టేటప్పుడు నొక్కితే, అవి పొంగేలోపు నీళ్లు వచ్చేస్తాయి.

రాయగడ మావయ్య:
కరెంటు పోతేనో?

గిన్నెలు తోమే మనిషి:
అప్పుడు మీ బకెట్ ఉంది కదా!